పామూ చావదు... కర్రా విరగదు!

ఊరి రచ్చకట్ట నుంచి ఢిల్లీ రాజకీయం దాకా తెలుగువాడి నోట నానే మాట ఇది. చిత్రమేమిటంటే, పక్కింటి హిందీలో ఇదే సామెతలో పాము చచ్చిపోతుంది! మరి మన పామును బతికించిందెవరు?

శ్రావణమాసం. కర్నూలు జిల్లాలో ఓ మెట్టచేను. ఎర్రనేలలో వేరుసెనగ మొక్కలు జానెడెత్తు లేచి పూతకొస్తుంటాయి. వంగి కలుపు తీస్తున్న ఆడవాళ్లలో ఒకామె చటుక్కున చెయ్యి వెనక్కి లాక్కుంటుంది.

'అమ్మో, పురుగు!'

అంతే, వరసంతా చెల్లాచెదురు. గట్టుమీద ఎద్దుల దగ్గరున్న కుర్రాడు కట్టె తీసుకుని పరుగెత్తుకొస్తాడు. పడగ చూడగానే ఓ ముసలామె అడ్డం పడుతుంది. 'రేయ్, కొట్టొద్దురా. నాగుబాము. మొన్ననే గదరా పుట్టకు పాలు పోసొస్తిమి!' కుర్రాడు ఊరుకోడు. 'ఇడిసిపెడితే రేపు ఎవురికో ఒకరికి ముట్టదా అవ్వా?' ఇద్దరి మాటా కాదనలేనిదే. చివరికి ఎవరో నేలమీద కట్టెతో దబదబా బాదుతారు. పాము జరజరా పాకి రాళ్లగట్టు సందులోకి దూరిపోతుంది. కాసేపు చూసి, అందరూ మళ్లీ వంగుతారు. 'పామూ సావల్యా, కట్టే ఇరగల్యా' అని ఓ గొంతు. పదిమంది నవ్వు.

సీమ చేలల్లో ఆ కాలంలో ఏటా కనిపించే దృశ్యమే ఇది. 'పాము చావకుండా, కర్ర విరగకుండా' అనే మాట ఎక్కడ పుట్టి ఉంటుందని అడిగితే, ఇలాంటి గట్టుమీదే అని చెప్పాలనిపిస్తుంది. కోస్తాలో 'కర్ర' అన్నది కర్నూలు, కడప పల్లెల్లో 'కట్టె' అవుతుంది. 'చావడం' 'సావడం'గా, 'విరగడం' 'ఇరగడం'గా మారుతుంది. మాట మారినా సామెత మారదు. అన్నట్టు, ఆ మొదటామె 'పాము' అనలేదు, గమనించారా? పల్లెల్లో చాలామంది అనరు. చీకటి పడ్డాక అసలే అనరు. 'పురుగు' అంటారు. కరిచిందని కూడా అనరు... 'ముట్టింది' అంటారు. పేరు పెట్టి పిలిస్తే పలుకుతుందేమోనని భయం! అంత భయపడే ప్రాణికే మళ్లీ 'మంచిపాము' అని మరో పేరు. తమిళులూ తాచును 'నల్ల పాంబు' అనే పిలుస్తారు. నల్లది అని కాదు, వాళ్ల భాషలో 'నల్ల' అంటే మంచి!

ఒకే బజారు... రెండు పాములు!

ఈ మాట మనకెంత అలవాటైపోయిందంటే, అందులో వింతేమిటో ఎవరూ ఆలోచించరు. కర్ర పట్టుకున్నది పామును చంపడానికే కదా! పాము చావకపోతే ఇక కర్రెందుకు? విరక్కుండా ఉంటే ఏమిటి, విరిగితే ఏమిటి?

ఈ చిక్కుముడి విప్పాలంటే కర్నూలు పాతబస్తీలోనో, కడప, ఆదోని బజార్లలోనో కాసేపు నిలబడి చెవి ఒగ్గితే చాలు. నవాబుల కాలం నుంచీ అక్కడ తెలుగూ ఉర్దూ పక్కపక్క దుకాణాల్లో కూర్చున్నాయి. తెలుగాయన 'పాము చావకుండా, కర్ర విరగకుండా' అంటాడు. పక్క దుకాణంలో ఉర్దూ మాట్లాడే ఆయన 'సాంప్ భీ మర్ జాయే, లాఠీ భీ న టూటే' అంటాడు. ఇద్దరూ ఒకే సామెత చెప్పారనుకుని ఒకరినొకరు చూసి తలాడిస్తారు. కానీ రెండోది మరోసారి చదవండి. పామూ చావాలి, కర్రా విరగకూడదు!

తేడా ఒక్క 'న'కారానిదే. హిందీ, ఉర్దూల్లో ఆ 'న' కర్రకు మాత్రమే తగిలింది. తెలుగులో 'కుండా' రెండింటికీ తగిలింది. దాంతో అర్థమే తిరగబడింది. అక్కడ అది గెలుపు మాట... మన చేతికి మట్టంటకుండా శత్రువును మట్టుబెట్టే నేర్పు. ఇక్కడది రాజీ మాట. ఎవరికీ దెబ్బ తగలకుండా గండం గడిపేసే నేర్పు.

ఇది తెలుగువాడొక్కడి మెతకదనం కూడా కాదు. ఆదోని, ఆలూరు దాటి పడమరకు నాలుగడుగులు వేస్తే కన్నడం వినిపిస్తుంది. వాళ్లు 'హావూ సాయబారదు, కోలూ మురియబారదు' అంటారు. అచ్చంగా మన మాటే. పామూ చావకూడదు, కోలా విరగకూడదు.

మరి దక్షిణాదికి వచ్చేసరికి పాముకు ఆయుష్షెలా పెరిగింది? నాగుల కట్టలే జవాబు చెబుతాయనిపిస్తుంది. సీమ ఊళ్లలో రావిచెట్టూ వేపచెట్టూ పెనవేసుకున్న అరుగుమీద వరసగా నిలబెట్టిన నాగశిలలు కనిపిస్తాయి. జంటగా మెలితిరిగినవి, ఒక్క పడగవి, ఏడు పడగలవి... పసుపు కుంకుమలతో మెరుస్తూ ఉంటాయి. కోస్తాలో దీపావళి వెళ్లాక కార్తికంలో నాగులచవితి చేస్తే, సీమలో చాలా ఇళ్లలో శ్రావణ శుద్ధ చవితినాడే చేస్తారు. అంటే చేలల్లో కలుపుతీతలు సాగే రోజుల్లో, మనిషికీ పాముకూ ఎదురుపడే అవకాశం ఎక్కువున్న రోజుల్లో! పిల్లలు పుట్టకపోయినా, చెవిపోటు వచ్చినా, పెళ్లి కుదరకపోయినా నాగదోషమేనని నమ్మిన సమాజం అది. తప్పనిసరై తాచును చంపినవాళ్లు దానికి దహనం చేసి, పాలు పోసి, మనిషికి చేసినట్టే కర్మ చేసే ఆచారమూ ఉంది. (పాము పాలు తాగదని జీవశాస్త్రం చెబుతుంది... అది వేరే సంగతి.) అలాంటిచోట 'పాము చచ్చింది' అన్నది గెలుపు వార్త ఎలా అవుతుంది? చస్తే దోషం, బతికితే భయం. ఆ రెంటి మధ్య ఇరుక్కున్న మనిషి నోటి నుంచే ఇలాంటి మాట రావాలి.

కర్ర విలువ తెలిసినోళ్లు

సరే, పాము సంగతి తెలిసింది. కర్రనెందుకంత అపురూపంగా చూడటం?

రాళ్లనేలలో నిలబడి చూస్తే తెలుస్తుంది. బేతంచర్ల, కొలిమిగుండ్ల, ఎర్రగుంట్ల చుట్టుపక్కలంతా నాపరాయి. గట్లు రాయి, ఇంటిగోడ రాయి, పైకప్పూ బండలే. ఆ రాళ్లమీద కదిలే పామును బలంగా కొడితే దెబ్బ పాముకు తగులుతుందో లేదో, రాయికి మాత్రం తప్పక తగులుతుంది. కర్ర ఫట్‌మంటుంది. అప్పుడేమిటి పరిస్థితి? ముందు దెబ్బతిన్న పాము, చేతిలో జానెడు ముక్క! కర్ర విరగడమంటే సగం రూపాయి కట్టె పోవడం కాదు, ప్రాణం ఒడ్డున పడే దారి మూసుకుపోవడం. గొర్రెలకాపరినడగండి, కట్టె లేకుండా గడప దాటడు. కొమ్మ వంచాలన్నా, వాగులో లోతు చూడాలన్నా, కుక్కను అదిలించాలన్నా అదే.

కర్రకు సీమలో మరో ముఖమూ ఉంది. దసరా రాత్రి కర్నూలు జిల్లా హొళగుంద మండలం దేవరగట్టులో మాళ మల్లేశ్వరస్వామి బన్ని ఉత్సవం జరుగుతుంది. దివిటీల వెలుగులో వేలమంది, ఇనుప రింగులు తొడిగిన కర్రలు, ఉత్సవమూర్తుల కోసం ఊళ్ల మధ్య పోటాపోటీ. పోలీసులు ఎన్ని ఏర్పాట్లు చేసినా ఏటా తలలు పగులుతూనే ఉంటాయి. కర్రెత్తితే ఏమవుతుందో అంత దగ్గరగా చూసిన నేలలోనే, ఎత్తిన కర్రను దించే మాట కూడా నిత్యం వాడుకలో ఉండటం ఆశ్చర్యమేమీ కాదు. సినిమాల్లో చూసే సీమలో కత్తులూ సుమోలే కనిపిస్తాయి. రచ్చకట్టమీద కూర్చుని రాత్రి రెండింటిదాకా ఇరువర్గాలనూ బతిమాలే పెద్దమనిషి ఏ సినిమాలోనూ హీరో కాలేదు పాపం!

ఆ పెద్దమనిషి పని నిజంగా కష్టమే. గట్టు జరిపాడని అన్నదమ్ముల గొడవ. కె.సి. కాలువ కింద ఎగువ రైతు నీళ్లు వదల్లేదని దిగువ రైతు గొడవ. పాలేరు కూలి గొడవ. రేపు పొద్దున మళ్లీ ఇద్దరూ ఒకే బాటన నడవాలి, ఒకే బోరింగు దగ్గర నీళ్లు పట్టుకోవాలి. ఎవరిది తప్పో తేల్చడం అరగంట పని. తేల్చాక ఊళ్లో వాళ్లిద్దరూ కలిసి బతికేలా చూడటం ఏళ్ల తరబడి సాగే పని. అందుకే 'భలే తీర్పు చెప్పె, పామూ సావల్యా కట్టే ఇరగల్యా' అన్నది మెచ్చుకోలుగా పుట్టింది.

ఊళ్లకేనా? ప్రాంతాల మధ్యా ఇలాంటి తీర్పు ఒకటి జరిగింది. ఆంధ్ర రాష్ట్రం వస్తే తమ గతి ఏమిటని రాయలసీమ నాయకులు గట్టిగా అడిగారు. 1937 నవంబరు 16న మద్రాసులో కాశీనాథుని నాగేశ్వరరావు ఇల్లు 'శ్రీబాగ్'లో ఇరుప్రాంతాల నాయకులూ కూర్చుని ఒప్పందం రాసుకున్నారు. రాజధాని, హైకోర్టుల్లో ఒకటి సీమకు ఇవ్వాలి, ఏది కావాలో కోరుకునే హక్కు సీమదే. నీటిపథకాల్లోనూ సీమకే ముందు వరస. ఆరోజుకు పామూ చావలేదు, కర్రా విరగలేదు. 1953 అక్టోబరు 1న కర్నూలు రాజధానిగా ఆంధ్రరాష్ట్రం ఏర్పడింది. ఆఫీసులు చాలక డేరాలు కూడా వేశారు. హైకోర్టు గుంటూరుకు వెళ్లింది. మూడేళ్లు తిరిగాయి. 1956 నవంబరు 1న ఆంధ్రప్రదేశ్ ఏర్పడటంతో రాజధానీ హైకోర్టూ రెండూ హైదరాబాదులోనే కొలువుదీరాయి. శ్రీబాగ్ పేరెత్తితే సీమలో పెద్దవాళ్లు ఇప్పటికీ ఓ రకంగా నవ్వుతారు. ఆ నవ్వుకు అర్థం వివరించక్కర్లేదు.

మేకా... క్యాబేజీ!

ఇదే మెలికను లోకంలో ఒక్కొక్కరు ఒక్కోలా చెప్పుకున్నారు. ఫ్రెంచివాళ్లు 'మేకనూ క్యాబేజీనీ రెంటినీ కాపాడుకోవడం' అంటారు. చిన్నప్పుడు పులీ, మేకా, గడ్డిమోపూ పడవలో ఏరు దాటించే లెక్క చేశారు కదా! వాళ్ల దగ్గర పులికి బదులు తోడేలు, గడ్డికి బదులు క్యాబేజీ. అదే పొడుపులోంచి వచ్చిన మాట. రష్యన్లది ఇంకో తీరు... 'తోడేళ్ల కడుపూ నిండింది, గొర్రెల మందా తగ్గలేదు' అంటారు. తోడేలు ఏం తిందో మరి!

మన దగ్గర దీన్ని 'గోడమీద పిల్లి'తో కలిపేస్తుంటారు. కానీ రెండూ ఒకటి కాదు. గోడమీద పిల్లి ఎటు దూకితే లాభమో చూసుకుంటుంది, ఏదో ఒకరోజు దూకుతుంది. పాము చావకుండా చూసేవాడు దూకడు. దూకాల్సిన అవసరమే రాకుండా చూసుకుంటాడు. పత్రికల్లో, టీవీల్లో ఈ మాట వినిపించేది ఎక్కువగా ఈ రెండో అర్థంలోనే. విచారణ సంఘం వేశారు, గడువు పెంచారు, నివేదిక వచ్చాక చూద్దామన్నారు... 'పాము చావకుండా కర్ర విరగకుండా' జవాబిచ్చారని రాస్తారు. మెచ్చుకోలు కాస్తా ఎత్తిపొడుపైపోయింది.

ఎత్తిపొడుపులో న్యాయముంది. సామెతను మరోసారి చూడండి. అందులో పాముకు చోటుంది. కర్రకూ చోటుంది. కాటు తిన్న మనిషి ఎక్కడ?

మొగుడు కొట్టాడని పుట్టింటికి చేరిన పిల్ల గురించి పంచాయితీ అనుకోండి. 'ఇకమీద కొట్టను' అని అతనితో అనిపిస్తారు. 'ఎదురు మాట్లాడను' అని ఆమెతో అనిపిస్తారు. రెండు కుటుంబాల పరువూ నిలబడింది, పెద్దమనిషి మాటా నిలబడింది. ఆరోజు రాత్రి మళ్లీ ఆ ఇంటికే వెళ్లాల్సింది మాత్రం ఆ పిల్ల. గట్టు జరిపినవాడు జరిపినంతా కాకుండా సగం వదిలేస్తే అది 'సర్దుబాటు' అవుతుంది. నష్టపోయినవాడు ఆ సగాన్నీ ఎందుకు వదులుకోవాలో ఎవరూ అడగరు. బలమున్నవాళ్లిద్దరి మధ్య ఈ మాట ఊరిని కాపాడుతుంది. బలమున్నవాడికీ లేనివాడికీ మధ్య అయితే లేనివాడి నోరు నొక్కుతుంది. గృహహింస నుంచి మహిళల రక్షణకు 2005లో ప్రత్యేకంగా చట్టమే చేయాల్సి వచ్చిందంటే, అలాంటి తీర్పులు ఇంటి నాలుగు గోడల మధ్య ఎన్ని జరిగి ఉండాలి?

నిజం పాము ఎదురైతే...

తమాషా ఏమిటంటే, పంచాయితీలో ఇన్ని సందేహాలు పుట్టించే ఈ మాట, అసలు పాము ముందు మాత్రం అక్షరాలా సరైన సలహా!

పాముకాటు చిన్న సమస్య కాదు. 2000 నుంచి 2019 వరకు ఇరవై ఏళ్లలో మనదేశంలో పాముకాటుతో దాదాపు 12 లక్షల మంది చనిపోయి ఉంటారని 2020లో వెలువడిన ఓ పెద్ద అధ్యయనం లెక్కగట్టింది. అంటే ఏటా సగటున 58 వేలమంది. ఎక్కువ మరణాలు నమోదైన రాష్ట్రాల జాబితాలో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ కూడా ఉంది. సగం మరణాలు వానాకాలంలోనే... జూన్ నుంచి సెప్టెంబరు లోపు. చేలో కలుపు తీసే చెయ్యి, చీకట్లో మోటారు వెయ్యడానికి వెళ్లిన కాలు, ఆరుబయట నేలమీద పడుకున్న ఒళ్లు... కాటు పడేది వీటిమీదే. ప్రపంచ ఆరోగ్యసంస్థ 2017లో దీన్ని నిర్లక్ష్యానికి గురైన ఉష్ణమండల వ్యాధుల జాబితాలో చేర్చింది. 2030 నాటికి ఈ మరణాలను సగానికి తగ్గించాలని కేంద్రప్రభుత్వం 2024లో జాతీయ కార్యాచరణ ప్రణాళిక ప్రకటించింది.

మనుషుల ప్రాణాలు తీసేవాటిలో నాలుగు ముఖ్యం. తాచు, కట్లపాము, రక్తపింజరి, చిన్నపింజరి. చివరిది పేరుకు తగ్గట్టు అడుగు, అడుగున్నర పొడవే. ఎండిన రాళ్లనేలంటే దానికి ప్రాణం. చుట్ట చుట్టుకుని ఒంటి పొలుసులను ఒకదానికొకటి రాసుకుంటూ రంపం కోసినట్టు చప్పుడు చేస్తుంది. రాళ్లగట్టును చేత్తో కదిపేముందు కట్టెతో కదపమని పెద్దలు చెప్పేది ఇలాంటివాటి గురించే.

పాము కరిచిందనగానే ఇంట్లో సగంమంది చేసే పని ఏమిటి? కర్రలు తీసుకుని పాము వెంట పడటం. 'ఏ పామో డాక్టరుకు చూపించాలి కదా' అని వాదన. ఇక్కడే పొరపాటంతా. ఆ వెతుకులాటలో విలువైన సమయం పోతుంది, రెండో మనిషికి కాటు పడే ప్రమాదమూ ఉంది. తల తెగిన పాము కూడా కాసేపటిదాకా కరవగలదు. పైగా ఆసుపత్రుల్లో ఇచ్చే విషం విరుగుడు మందు ఆ నాలుగు పాములకూ కలిపి తయారైందే. రెప్పలు వాలిపోతున్నాయా, మాట ముద్దగా వస్తోందా, కాటు చుట్టూ వాపు పాకుతోందా, చిగుళ్ల నుంచి రక్తం కారుతోందా అన్నదే డాక్టర్లు చూస్తారు. మరో చిన్న పరీక్షా ఉంది. కాస్త రక్తం తీసి శుభ్రమైన కొత్త గాజుగొట్టంలో కదపకుండా ఇరవై నిమిషాలు ఉంచుతారు. తర్వాత వంచి చూస్తారు. గడ్డకట్టకుండా నీళ్లలా జారితే పింజరి విషం ఎక్కిందని అర్థం. దీనికి చచ్చిన పాముతో పనేలేదు!

కాబట్టి కరిచిన పామును పోనివ్వాలి. కట్లు బిగించడం, బ్లేడుతో కొయ్యడం, నోటితో పీల్చడం, పసర్లు, మంత్రాలు... ఏవీ వద్దు. ఉంగరాలు, గాజులు, కాలిపట్టీలు తీసేయాలి. కాటుపడ్డ కాలో చెయ్యో కదలకుండా ఉంచాలి. ఆ మనిషిని నడిపించకుండా వెంటనే పెద్దాసుపత్రికి చేర్చాలి. 108కి ఫోన్ చేయాలి. కర్ర అవసరం ఒక్కచోటే... విరిగిన ఎముకకు కట్టినట్టు కాలికి ఆసరాగా కట్టడానికి. ఈ లెక్కన కర్ర విరగకుండా ఉండటమే మంచిది మరి!

ఆ మందు వెనకా బతికున్న పామే ఉంది. చెన్నై దగ్గర ఇరుళ గిరిజనులు 1978లో ఓ సహకార సంఘం పెట్టుకున్నారు. ఒకప్పుడు చర్మాల కోసం పాములను పట్టి చంపిన వృత్తి వాళ్లది. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం వచ్చాక, చర్మాల వ్యాపారం ఆగిపోయాక బతుకు దారిలేక నిలబడ్డారు. అదే నేర్పుతో ఇప్పుడు పామును పడతారు, కుండల్లో దాచి కొన్నాళ్లపాటు విషం తీస్తారు, గుర్తు కోసం పొట్ట పొలుసుమీద చిన్న గీత పెట్టి మళ్లీ అడవిలో వదిలేస్తారు. విరుగుడు మందు తయారీకి దేశంలో వాడే విషంలో చాలాభాగం అక్కడిదే. పాము చస్తే వాళ్లకు విషం లేదు. విషం లేకపోతే కర్నూలు పెద్దాసుపత్రి మంచంమీద రైతుకు మందు లేదు.

సీమ పట్టణాల్లోనూ ఇప్పుడు పాము కనబడితే కర్రకన్నా ముందు ఫోన్ వెతికేవాళ్లు పెరిగారు. పాములు పట్టే కుర్రాడొకడు బండిమీద వస్తాడు. చేతిలో ఉండేది కర్రే, కాకపోతే కొసన చిన్న కొక్కెం. గ్యాస్ సిలిండరు వెనక నుంచి మెల్లగా లేపి సంచిలోకి జారుస్తాడు. వాకిట్లో జనం. అందులో ఎవరో ఒకరు 'కొట్టి పారెయ్యకుండా ఎందుకప్పా ఈ యవ్వారమంతా' అంటారు. అతను నవ్వి, సంచి మూతి రెండు ముళ్లు వేసి, కర్రను బండికి కట్టుకుని నల్లమల దారి పడతాడు.